మనుషులు చూడ్డం కోసం తీసినవి కాని బొమ్మలు: హరూన్ ఫరోకి సినిమాల గురించి కాస్త వివరంగా

1991 జనవరిలో గల్ఫ్ యుద్ధం మొదలయ్యాక టీవీల్లో ఒక కొత్తరకం వీడియో కనబడ్డం మొదలైంది. బాంబు ముక్కులో పెట్టిన కెమెరా తీసింది, నలుపు తెలుపు, మధ్యలో ప్లస్ గుర్తు, కింద ఒక బిల్డింగో వంతెనో, అది పెద్దదవుతూ పెద్దదవుతూ మీదికి వచ్చేస్తుంది, ఇంక తగుల్తుంది అనగా తెరంతా చుక్కలు చుక్కలైపోయి ఆగిపోతుంది. ఇండియాలో శాటిలైట్ టీవీ కాలు పెట్టింది కూడా ఆ రోజుల్లోనే కాబట్టి ఇక్కడ కూడా కొంతమంది కూర్చున్నచోటు నుంచి లైవ్‌లో చూసిన మొదటి యుద్ధం అదే. వీడియో గేమ్‌లా ఉందని కొందరన్నారు, అంతా ప్రాపగాండా అని కొందరన్నారు, గురి ఎంత కరెక్టుగా ఉందో చూశారా అని ఇంకొందరు.

బెర్లిన్‌లో ఉండే హరూన్ ఫరోకి అనే సినిమా ఆయన ఈ వాదన జోలికి పోకుండా వేరే ప్రశ్న పట్టుకున్నాడు: అసలీ వీడియో ఎవరు చూడ్డానికి తీశారు? కెమెరా ఉన్న చోట మనిషి లేడు, ఉండలేడు కూడా. వీడియో ముఖ్యంగా చూడాల్సింది బాంబుకి గురి సరిచేసే యంత్రం, లేదా దూరంగా కూర్చుని దాన్ని నడిపే ఆపరేటరు. టీవీలో మనకి చూపించింది ఆ పని అయిపోయాక మిగిలిన ముక్క. అంటే ఆ బొమ్మ పుట్టింది బాంబు తగలడం గురించి చెప్పడానికి కాదు, ఆ తగలడం అనే పనిలో అదీ ఒక భాగం. ఇలాంటివాటికి ఆయన పెట్టిన పేరు ఆపరేషనల్ ఇమేజెస్. ఇరవై ఏళ్ళ తర్వాత మీడియా స్టడీస్ చదివేవాళ్ళు, ఏఐ గురించి రాసేవాళ్ళు అందరూ వాడేస్తున్న మాట ఇది, కానీ అది ఎక్కణ్ణుంచి వచ్చిందో ఆయన సినిమాలు చూస్తే తప్ప సరిగ్గా అర్థం కాదు, ఎందుకంటే ఆయన దాన్ని థియరీగా రాయక ముందే చాలా ఏళ్ళపాటు ఎడిటింగ్ టేబుల్ మీద వెతికాడు.

ముందు మనిషి గురించి రెండు ముక్కలు. 1944లో పుట్టాడు, ఆ ఊరు ఇప్పుడు చెక్ రిపబ్లిక్‌లో ఉంది. నాన్న ఇండియా నుంచి జర్మనీ వెళ్ళిన డాక్టరు, అమ్మ జర్మన్. చిన్నతనం కొంత ఇండియాలో, కొంత ఇండోనేషియాలో గడిచింది, 1958లో హాంబర్గ్ చేరారు. 1966లో బెర్లిన్‌లో కొత్తగా పెట్టిన ఫిల్మ్ అకాడెమీలో మొదటి బ్యాచ్, 1968లో విద్యార్థి ఉద్యమం గొడవల్లో అకాడెమీ వాళ్ళు 18 మందిని గెంటేస్తే అందులో ఈయనా ఒకడు. అదే బ్యాచ్‌లో ఉన్న హోల్గర్ మైన్స్ తర్వాత తుపాకీ పట్టిన రెడ్ ఆర్మీ ఫ్యాక్షన్‌లో చేరి 1974లో జైల్లో నిరాహార దీక్షలో చనిపోయాడు. ఫరోకి ఆ దారి పట్టలేదు, సినిమా పత్రిక నడిపాడు, టీవీకి తీశాడు, అమెరికాలో బర్క్‌లీ యూనివర్సిటీలో పాఠాలు చెప్పాడు, 2014లో చనిపోయే దాకా వందకు పైగా సినిమాలు, గ్యాలరీల్లో తెరలు పెట్టి చూపించే ఇన్‌స్టలేషన్లు చేశాడు.

మొదట పేరు తెచ్చింది 1969లో తీసిన 'ఇన్‌ఎక్స్‌టింగ్విషబుల్ ఫైర్', అంటే ఆరని మంట. వియత్నాంలో అమెరికా వేస్తున్న నాపామ్ బాంబుల గురించి. మామూలుగా ఎవరైనా ఏం చేస్తారు, కాలిన పిల్లల ఫొటోలు చూపిస్తారు. ఈయన ఒక టేబుల్ ముందు కోటు వేసుకుని కూర్చుని నాపామ్ బాధితుడి వాంగ్మూలం చదివి, కాలిన గాయాలు చూపిస్తే మీరు కళ్ళు మూసుకుంటారు, ముందు బొమ్మకి, తర్వాత జ్ఞాపకానికి, ఆ తర్వాత అసలు విషయానికే మూసుకుంటారు అనే అర్థం వచ్చేలా చెప్పి, వెలుగుతున్న సిగరెట్ తీసి తన ముంజేతి మీద నొక్కి ఆర్పేస్తాడు. వెనక నుంచి ఒక గొంతు సిగరెట్ 400 డిగ్రీల దగ్గర కాలుతుంది, నాపామ్ 3000 డిగ్రీల దగ్గర అని చెప్తుంది. అంతే. సినిమాలో మిగతాదంతా నాపామ్ తయారుచేసిన డౌ కెమికల్ కంపెనీ గురించి, నటన రాని మనుషులు అప్పజెప్పినట్టు డైలాగులు చెప్తుంటారు, అక్కడ కెమిస్టుకి తన చిన్న ముక్క తప్ప మొత్తం కనబడదు, ఇంజనీరుకీ అంతే. చివర్లో ఒక గమ్మత్తు ఉంటుంది: వాక్యూమ్ క్లీనర్ ఫ్యాక్టరీలో పనిచేసేవాడు ఇంట్లోకి ఒకటి కావాలని రోజుకో పార్ట్ ఎత్తుకెళ్ళి బిగిస్తే మెషిన్ గన్ తయారవుతుంది, అదే ఫ్యాక్టరీలో తుపాకులే చేస్తున్నారని అనుమానంతో పార్టులు ఎత్తుకెళ్ళిన విద్యార్థి బిగిస్తే వాక్యూమ్ క్లీనర్ వస్తుంది.

నా లెక్కలో ఆయన తర్వాత చేసిన పనంతా ఇక్కడే ఉంది. టెక్నాలజీ మంచిదా చెడ్డదా అని ఆయన అడగడు. పని ఎలా ముక్కలైంది, ఏ ముక్క చేసేవాడికి ఏం కనబడుతుంది, ఏం కనబడకుండా పోతుంది, ఇదీ ఆయన గొడవ.

దీన్ని అన్నిటికంటే లోతుగా తవ్విన సినిమా 1988లో వచ్చిన 'ఇమేజెస్ ఆఫ్ ద వరల్డ్ అండ్ ద ఇన్‌స్క్రిప్షన్ ఆఫ్ వార్'. ఇది అర్థమవ్వాలంటే రెండు కథలు కలిపి చూడాలి. ఒకటి 1858 నాటిది, జర్మనీలో వెట్స్లార్ అనే ఊళ్ళో ఆల్బ్రెష్ట్ మైడెన్‌బావర్ అనే ఆయన పెద్ద చర్చి కొలతలు తీస్తున్నాడు, తాళ్ళకి కట్టిన బుట్టలో కూర్చుని గోడ పక్కన పైకి వెళ్ళి కొలవాలి, ఒకరోజు కిటికీలోకి దూకబోయి జారి చావు తప్పించుకున్నాడు. అప్పుడు ఆలోచన వచ్చింది, మనిషి ఎక్కడం దేనికి, ఫొటో తీసి ఫొటో మీద కొలుచుకోవచ్చు కదా అని. ఫొటోతో కొలవడం అనే విద్య అలా మొదలైంది. ప్రమాదం ఉన్న చోటికి మనిషి వెళ్ళక్కర్లేదు, కెమెరా వెళ్తుంది, లెక్క ఇక్కడ టేబుల్ మీద. వినడానికి ఎంతో మంచి సంగతి, మంచిదే కూడా. కానీ అదే విద్య తర్వాత దేనికి పనికొచ్చిందో రెండో కథలో ఉంది.

1944 ఏప్రిల్ 4న ఇటలీలోని ఫోజ్జా నుంచి మిత్రరాజ్యాల నిఘా విమానం ఒకటి పోలండ్ వైపు వెళ్ళింది. అక్కడ ఐజీ ఫార్బెన్ అనే జర్మన్ కంపెనీ కృత్రిమ రబ్బరు, పెట్రోలు తయారీకి పెద్ద ఫ్యాక్టరీ కడుతోంది, బాంబులు వెయ్యడానికి ముందు దాని ఫొటోలు కావాలి. తీశారు. ఆ ఫిల్మ్ ఇంగ్లండ్‌లో ఫొటోలు చదివే నిపుణుల దగ్గరికి వెళ్ళింది, వాళ్ళు భూతద్దాలు పెట్టుకుని పవర్ స్టేషన్ ఇది, కార్బైడ్ ఫ్యాక్టరీ ఇది, రబ్బరు ప్లాంట్ ఇది అని గుర్తులు పెట్టారు. అదే వరస ఫొటోల్లో పక్కనే బారులు తీరిన షెడ్లు కనబడుతున్నాయి. అది ఆష్విట్స్, నాజీలు లక్షలమంది యూదుల్ని చంపిన క్యాంపు. అది వెతకమని వాళ్ళకి ఎవరూ చెప్పలేదు, కాబట్టి దొరకలేదు. ఆ ఫొటో తీసిన మూడు రోజులకే రుడాల్ఫ్ వ్ర్బా, ఆల్ఫ్రెడ్ వెట్స్‌లర్ అనే ఇద్దరు ఖైదీలు అక్కణ్ణుంచి తప్పించుకుని లోపల జరుగుతున్న చంపడాల గురించి లెక్కలతో సహా ప్రపంచానికి చెప్పారు. ఆ ఫొటోల్లో ఏముందో మాత్రం 1970ల చివర్లో ఇద్దరు సీఐఏ ఉద్యోగులు పాత ఫిల్మ్ మళ్ళీ తీసి చూసేదాకా ఎవరూ చదవలేదు. ఇప్పుడు వాళ్ళకి ఏం వెతకాలో తెలుసు కాబట్టి కావలి బురుజు, కమాండెంట్ ఇల్లు, గ్యాస్ చాంబర్, వరసలో నిలబెట్టిన మనుషులు, అన్నిటికీ పేర్లు రాశారు.

ఇక్కడ చాలామంది తొందరపడి, చూశారా కెమెరా అబద్ధం చెప్పింది అంటారు. కెమెరా ఏ అబద్ధమూ చెప్పలేదు, అన్నీ తీసింది, అవసరమైనదానికంటే ఎక్కువే తీసింది. నిపుణులు కూడా దుర్మార్గులేం కాదు, బాగా ట్రైనింగ్ ఉన్నవాళ్ళే. ఫొటోని ఒక పని కోసం తీశారు, ఆ పనికి కావలసింది చదివారు, ఫైల్ మూసేశారు. దీని పక్కనే ఫరోకి ఇంకో ఫొటోల కట్ట పెడతాడు, 1960లో అల్జీరియాలో ఫ్రెంచ్ సైన్యం తప్పనిసరి ఐడీ కార్డుల కోసం ఊళ్ళలో ఆడవాళ్ళని వరసగా కూర్చోబెట్టి ముసుగు తీయించి తీసినవి, తీసింది మార్క్ గరాంజే అనే సైనికుడు. ఆ ఆడవాళ్ళు కెమెరాకేసి చూసే చూపు చూడాలి, చెప్తే రాదు. అక్కడ ఫొటో తియ్యడమే ఒక దెబ్బ. ఆష్విట్స్ ఫొటోలో కనబడాల్సింది కనబడలేదు, ఇక్కడ కనబడకూడదని వాళ్ళు దాచుకున్నదాన్ని బలవంతంగా కనబడేలా చేశారు, రెండింట్లోనూ ఎవరిని ఎలా చూడాలో నిర్ణయించింది ఆఫీసులో కూర్చున్నవాళ్ళే.

ఇక 2001 నుంచి 2003 దాకా చేసిన 'ఐ/మెషీన్' (కన్ను/యంత్రం) మూడు భాగాలు, ఆపరేషనల్ ఇమేజ్ అన్న మాట గట్టిగా నిలబడింది వీటితోనే. గల్ఫ్ యుద్ధం బాంబు వీడియోలు, తన మెమరీలో ఉన్న నేల బొమ్మని కింద కనబడుతున్న నేలతో పోల్చుకుంటూ ఎగిరే క్రూయిజ్ మిస్సైల్, కారిడార్లో గోడ ఎక్కడుందో వెతుక్కుంటూ తిరిగే రోబో, ఫ్యాక్టరీలో పార్టులు సరిగ్గా ఉన్నాయా లేదా అని చూసే కెమెరా, ఇవన్నీ రెండు ఫ్రేములుగా పక్కపక్కన నడుస్తుంటాయి. మ్యూజిక్ లేదు, కామెంటరీ కూడా తక్కువే, నిజం చెప్పాలంటే మొదటి పది నిమిషాలు విసుగ్గా కూడా ఉంటుంది. కానీ కాసేపయ్యాక ఒకటి తడుతుంది, యుద్ధంలో వాడేదీ ఫ్యాక్టరీలో వాడేదీ ఒకటే చూపు. ఫ్యాక్టరీలో చేతులతో పని పోయింది, తర్వాత కళ్ళతో చేసే పని కూడా పోయింది, యుద్ధంలోనూ అదే వరస.

ఇదేదో మిలిటరీకి సంబంధించిన విషయం అనుకుంటే పొరపాటు. జంక్షన్లో నంబర్ ప్లేట్ చదివి చలానా పంపే కెమెరా, శంషాబాద్ ఎయిర్‌పోర్టులో డిజియాత్ర గేటు దగ్గర మొహం చూసి తలుపు తీసే కెమెరా, ఇవన్నీ ఆ కుటుంబమే. ఆ ఫొటో ఆల్బమ్‌లో పెట్టుకోవడానికి తీసింది కాదు, అది ఒక పని చేస్తుంది, గేటు తెరుస్తుంది లేదా తెరవదు.

జైళ్ళ మీద చేసిన పని దీనికంటే కటువుగా ఉంటుంది. 2000లో వచ్చిన 'ఐ థాట్ ఐ వాజ్ సీయింగ్ కన్విక్ట్స్'లో కాలిఫోర్నియాలోని కోర్కరాన్ హై సెక్యూరిటీ జైలు వీడియో ఉంటుంది. ఖైదీలు తిరిగే యార్డు, దానిమీద కెమెరా, కెమెరా పక్కనే తుపాకీ పట్టుకున్న గార్డు, కెమెరాకి ఎంతవరకు కనబడుతుందో తుపాకీకి అంతవరకు అందుతుంది. ఇద్దరు కొట్టుకుంటారు, కాస్త పొగ కనబడుతుంది, ఒకడు పడిపోతాడు. సౌండ్ లేదు. అది 1989లో నిజంగా జరిగింది, ఆ ఖైదీ చనిపోయాడు. దీని పక్కన ఫరోకి పెట్టింది ఏంటంటే సూపర్‌మార్కెట్ ప్లానింగ్ సాఫ్ట్‌వేర్, కస్టమర్లు చుక్కల్లా అరల మధ్య తిరుగుతుంటారు, ఎవరు ఎక్కడ ఎంతసేపు ఆగారు, పాలు ఎక్కడ పెడితే షాపంతా నడుస్తారు అని లెక్క. జైల్లో ఖైదీలూ చుక్కలే. షాపూ జైలూ ఒకటే అని ఆయన ఎక్కడా అనడు, అంటే చవకబారు పోలిక అయ్యేది. రెండు చోట్లా మనిషిని చుక్కగా మార్చే ప్రోగ్రాం ఒకేలా ఉందని చూపించి ఊరుకుంటాడు, మిగతాది మనమే తేల్చుకోవాలి. ఫుట్‌బాల్ ఇష్టమున్నవాళ్ళు 2007లో కాసెల్‌లో డాక్యుమెంటా ఎగ్జిబిషన్లో పెట్టిన 'డీప్ ప్లే' గురించి వెతకండి, 2006 వరల్డ్ కప్ ఫైనల్, అదే జిదాన్ తలతో గుద్దిన మ్యాచ్, 12 తెరల మీద, ఆటగాళ్ళ పరుగుల గ్రాఫులు, స్టేడియం నిఘా కెమెరాలు అన్నీ ఒకేసారి.

నాకు అన్నిటికంటే నచ్చింది మాత్రం 2009, 2010ల్లో చేసిన 'సీరియస్ గేమ్స్', నాలుగు చిన్న వీడియోలు. మొదటిదాంట్లో కాలిఫోర్నియా ఎడారిలో ట్వెంటీనైన్ పామ్స్ అనే మెరీన్ బేస్‌లో నలుగురు కుర్రాళ్ళు ల్యాప్‌టాప్‌ల ముందు కూర్చుని యుద్ధం ప్రాక్టీస్ చేస్తుంటారు, తెర మీద వాళ్ళ బండి అఫ్ఘానిస్తాన్‌లాంటి నేల మీద వెళ్తుంటుంది, వాట్సన్ అనే కుర్రాడి బొమ్మకి బుల్లెట్ తగిలి పడిపోతుంది, వాట్సన్ కుర్చీలో వెనక్కి వాలి ఖాళీగా కూర్చుంటాడు, వాడి ఆట అయిపోయింది. రెండోదాంట్లో అదే బేస్‌లో కట్టిన డమ్మీ ఊరు, సుమారు 300 మంది ఇరాకీలుగా అఫ్ఘాన్‌లుగా నటిస్తుంటారు. గమ్మత్తేంటంటే ఆ నిజమైన ఊరు చూస్తే కంప్యూటర్ గేమ్‌లోంచి తెచ్చి కట్టినట్టుంటుంది. మూడోదాంట్లో యుద్ధం నుంచి తిరిగొచ్చి మానసికంగా దెబ్బతిన్న సైనికులకి చేసే థెరపీ, కళ్ళకి వీఆర్ హెడ్‌సెట్ పెట్టి ఇరాక్ వీధుల్లో మళ్ళీ నడిపిస్తారు, హెడ్‌సెట్ పెట్టుకున్న ఒకతను తనకి జరిగింది చెప్తూ చెప్తూ వణికిపోతుంటాడు, చూస్తున్న మనకి గుండె బరువెక్కుతుంది. అంతా అయ్యాక చప్పట్లు కొడతారు. అది అసలు థెరపీ కాదు, ఆ సాఫ్ట్‌వేర్ ఎలా వాడాలో మిలిటరీ సైకాలజిస్టులకి చూపించే వర్క్‌షాప్‌లో డెమో, పేషెంట్‌గా కూర్చున్నది కూడా వాళ్ళలో ఒకతనే.

నాలుగోదాని పేరు 'ఎ సన్ విత్ నో షాడో', నీడ లేని సూర్యుడు. ట్రైనింగ్ ప్రోగ్రాంలో సూర్యుడు ఎక్కడుంటే నీడ అటు పడుతుంది, టైం మార్చితే నీడ మారుతుంది, ఎందుకంటే నీడని బట్టి శత్రువు ఎక్కడున్నాడో సైనికుడు పట్టుకోవాలి. థెరపీ ప్రోగ్రాం చూడ్డానికి దాదాపు అలాగే ఉంటుంది, కానీ అందులో వస్తువులకి నీడలు లేవు. చవగ్గా తయారుచేశారు. యుద్ధానికి పంపేటప్పుడు ఉన్న ఖర్చు తిరిగొచ్చాక నయం చేసేటప్పుడు లేదు. ఫరోకి దీన్ని తెర మీద ఒక్క వాక్యంలో రాసి వదిలేస్తాడు, నాలాంటివాడైతే దీని మీద పేజీలు పేజీలు ఆవేశపడేవాణ్ణి.

రెండు తెరలు పక్కపక్కన పెట్టడం ఆయనకి ఎలా తట్టిందో కూడా చెప్పుకోవాలి, స్టైల్ కోసం చేసింది కాదు. ఫిల్మ్ ఎడిటింగ్‌లో ఒక బొమ్మ తర్వాత ఇంకోటి అతికిస్తారు. వీడియో ఎడిటింగ్‌కి వచ్చాక ఎడిటర్ ముందు రెండు మానిటర్లు ఉంటాయి, ఒకదాంట్లో ఇప్పటిదాకా కట్ చేసింది, రెండోదాంట్లో ఇంకా చేర్చాల్సింది. రోజూ అలా రెండూ ఒకేసారి చూస్తుంటే, ఒకటి తర్వాత ఒకటి కాకుండా ఒకటి పక్కన ఒకటి పెడితే ఏమవుతుంది అనిపించింది. 1995లో ఫ్రాన్స్‌లో లిల్ దగ్గరి మ్యూజియం అడిగితే చేసిన 'ఇంటర్‌ఫేస్' అలా పుట్టింది, తన పాత సినిమాలనే ముందేసుకుని ఎడిటింగ్ టేబుల్ దగ్గర కూర్చుని ఆలోచించే మనిషి మీద తీసిన వీడియో. అక్కణ్ణుంచి ఆయన మెల్లగా సినిమా హాలు, టీవీ వదిలి ఆర్ట్ గ్యాలరీల్లోకి వెళ్ళిపోయాడు. ఇందులో ఇష్టంతో పాటు గతిలేకపోవడం కూడా ఉంది, ఇలాంటివాటికి డబ్బులిచ్చే టీవీ స్లాట్లు తగ్గిపోయాయి. ఫ్యాక్టరీ కార్మికుడికి అర్థమవ్వాలని నాపామ్ సినిమా తీసిన మనిషి చివరికి డబ్బున్న మ్యూజియాల్లో గోడల మీద మిగలడం నాకు కాస్త చివుక్కుమంటుంది, దీనికి ఆయన్ని తప్పుపట్టలేం కానీ.

ఇంకో చిక్కు ఉంది. ఆయన చూపించిన మెషీన్ వీడియోల్లో పచ్చ చతురస్రాలు, పసుపు బాణాలు, కదిలే గీతలు ఉంటాయి కదా, మెషీన్ ఇలా చూస్తుంది అన్నట్టు. అమెరికన్ ఆర్టిస్టు ట్రెవర్ ప్యాగ్లెన్ 2014లో రాసింది ఏంటంటే, ఆ బాణాలూ గీతలూ మెషీన్‌కి అక్కర్లేదు, అవి మనకోసం పెట్టినవే, ఇప్పటి యంత్రాలు ఒకదానికొకటి పంపుకునే బొమ్మలు చాలావరకు మన కంటికి బొమ్మలుగా కూడా ఉండవు. ఇది ఫరోకి పనికి సవాలే. ఎందుకంటే ఆయన పద్ధతంతా దొరికిన వీడియో తెచ్చి పక్కన ఇంకోటి పెట్టి చూపించడం మీద నడుస్తుంది, తెచ్చి చూపించడానికి వీడియోనే లేకపోతే? అంకెల వరసల్లో జరిగే ముఖ గుర్తింపుని ఎడిటింగ్ టేబుల్ మీద ఎలా పెడతావు? దీనికి ఆయన దగ్గర జవాబు ఉండేదో లేదో కానీ, చివరి పనుల్లో ఒకటైన 'ప్యారలల్'లో వీడియో గేముల్లో చెట్టు, నీళ్ళు, మేఘాలు ముప్పై ఏళ్ళలో ఎలా మారుతూ వచ్చాయో, గేమ్ ప్రపంచం అంచుకి వెళ్తే ఏమవుతుందో పిల్లాడిలా పరీక్షిస్తూ పోయాడు, అంటే కెమెరా తియ్యని, పూర్తిగా లెక్కలతో పుట్టే బొమ్మ వైపు ఆయన అప్పటికే తిరిగాడు.

అదే టైంలో దీనికి పూర్తిగా ఎదురుదిక్కులో ఇంకో పని కూడా నడిచింది, దీని గురించి తక్కువమంది మాట్లాడతారు. 1895లో లూమియర్ సోదరులు తీసిన తొలి సినిమాల్లో ఒకటి లియాన్‌లో వాళ్ళ ఫ్యాక్టరీ గేటులోంచి కార్మికులు బయటికి రావడం. సినిమా చరిత్ర మొత్తం ఇంచుమించు అక్కడే ఆగిపోయింది, కెమెరా గేటు బయటే నిలబడుతుంది, పని అయిపోయాకే కథ మొదలవుతుంది అని ఫరోకి 1995లో ఆ సినిమా మీదే ఇంకో సినిమా తీశాడు. 2011లో భార్య ఆంట్యే ఏమన్‌తో కలిసి దాన్ని తిరగెయ్యడం మొదలెట్టాడు, 15 నగరాల్లో వర్క్‌షాపులు, అందులో మన పక్కనున్న బెంగళూరు ఒకటి. రూల్ ఒకటే: ఒకటి రెండు నిమిషాలు, ఒకే షాట్, కటింగ్ లేదు, ఎవరో ఒకరు పని చేస్తుండాలి, జీతం ఉన్న పనైనా లేని పనైనా సరే. అక్కడివాళ్ళే తీశారు, కైరో, హనోయ్, మెక్సికో సిటీ, జోహన్నెస్‌బర్గ్, ఇలా 400కి పైగా వీడియోలు పోగయ్యాయి. మిస్సైల్ కళ్ళతో ఏళ్ళ తరబడి గడిపిన మనిషి చివర్లో కెమెరాని మళ్ళీ మనిషి చేతికిచ్చి, మనిషి చేతుల కేసి తిప్పమన్నాడు. ఆ వీడియోలు నెట్‌లో ఉచితంగా ఉన్నాయి, నగరం పేరుతోనూ పని పేరుతోనూ వెతుక్కోవచ్చు.

కొత్తగా చూసేవాళ్ళు మాత్రం 'ఐ/మెషీన్'తో మొదలెట్టకండి, పది నిమిషాల్లో ట్యాబ్ మూసేస్తారు. నాపామ్‌ది పాతిక నిమిషాలే, అది చూసి, తర్వాత 'సీరియస్ గేమ్స్', ఆ తర్వాత ఓపిక ఉన్న ఆదివారం చూసుకుని గంటకి పైగా ఉండే ఆష్విట్స్ ఫొటోల సినిమా.